రొయ్య పేరు పెట్టుకున్న చిత్రం

పిల్లలూ! సూర్యుడు సముద్రంలోంచి పైకి రావటం మన కోస్తా వాళ్ళు రోజూ చూసేదే. సముద్రంలోకి దిగిపోవటం చూడాలంటే కేరళ వెళ్ళండి. త్రిశ్శూరు నుంచి పడమరగా బస్సులో పోతే నాట్టిక అనే ఊరు వస్తుంది. కొబ్బరి చెట్లు, ఇసుక, జాలరుల పడవలు, అవతల అరేబియా సముద్రం. 1965లో వచ్చిన "చెమ్మీన్" అనే మలయాళ చిత్రం ఇక్కడే తీశారు. చెమ్మీన్ అంటే ఏమిటనుకున్నారు? రొయ్య!

ఇది తకళి శివశంకర పిళ్ళ నవల. చిత్రం తీసినవాడు రాము కరియాట్. దక్షిణాది చిత్రాలలో రాష్ట్రపతి స్వర్ణపతకం మొట్టమొదట దీనికే వచ్చింది. దీనికి ఛాయాగ్రాహకుడైన మార్కస్ బార్ట్లే మనవాళ్ళకు కొత్త కాదు; "మాయాబజార్"లో మీ తాతలు చూసి మురిసిన వెన్నెల ఆయన సృష్టించినదే.

చెంబన్‌కుంజు అనే జాలరికి సొంత పడవా, వలా కావాలని ఆశ. పరీకుట్టి అనే చిన్న వర్తకుడి దగ్గర డబ్బు తీసుకున్నాడు. పడవ వచ్చింది, ఇచ్చిన మాట పోయింది.

మన జాలరులు గంగమ్మను కొలిచినట్టే అక్కడివారు కడలమ్మను కొలుస్తారు. భార్య నీతి తప్పితే కడలమ్మ కోపించి భర్తను మింగుతుందని కథలోని వాళ్ళ నమ్మకం. చిత్రం చూస్తున్నంతసేపూ ఆ నమ్మకం మనల్ని కూడా భయపెడుతుంది. కాని ఆలోచించండి! సముద్రం పొంగేది గాలివల్ల, వాయుగుండంవల్ల. ఆ నేరం ఒడ్డున కూచున్న ఆడమనిషి నెత్తిన వెయ్యటం న్యాయమేనా?

అంతకుముందు, 1954లో, రాము కరియాట్, పి. భాస్కరన్ కలిసి "నీలక్కుయిల్" తీశారు. గుడి చుట్టూ ఉన్న వీధుల్లో నడవనివ్వమని 1924లో వైకోంలో సత్యాగ్రహం చెయ్యవలసివచ్చిన దేశం అది. ఈ చిత్రంలో ఒక మాస్టారు నీలి అనే పేదపిల్లను ప్రేమించి, ఆమెది అంటరాని కులమని జడిసి పెళ్ళాడలేదు. నీలి బిడ్డను కని చనిపోయింది. ఊళ్ళోవాళ్ళు కాదన్నా వినకుండా, తపాలా బంట్రోతు శంకరన్ నాయర్ ఆ పసివాణ్ణి ఇంటికి తీసుకుపోయి పెంచాడు.

నేనూ బడిపంతులునే గనక ఆ మాస్టారి పిరికితనం నాకు మరీ గుచ్చుకున్నది. చివరకు ఆయన ఆ పిల్లవాణ్ణి తన కొడుకని ఒప్పుకున్నాడు. అందుకు ఆయనకు కొన్నేళ్ళు పట్టింది. తపాలా బంట్రోతుకు ఒక్క రోజు కూడా పట్టలేదు.