కొలువు దాటిన కవిత్వం

గద్వాలను ఒకప్పుడు విద్వద్గద్వాల అన్నారు. సంస్థానం పిలిస్తే కవులు వచ్చి, పద్యం వినిపించి, సత్కారం అందుకుని వెళ్లేవారు. నా మనసు మాత్రం ఆ కొలువు దాటి జనంలోకి నడిచినవాళ్ల చుట్టూనే తిరుగుతుంది.

సురవరం ప్రతాపరెడ్డి 1896లో గద్వాల ఉన్న ఈ నడిగడ్డలోనే, బోరవెల్లిలో పుట్టారు. నిజాం రాజ్యంలో తెలుగు కవులే లేరన్న మాటకు 354 మంది కవులతో ‘గోలకొండ కవుల సంచిక’ తెచ్చి జవాబిచ్చారు. పత్రిక నడిపారు, నాటకాలు రాశారు, 1952లో వనపర్తి నుంచి శాసనసభకు గెలిచారు. రాజుల యుద్ధాలను పక్కనపెట్టి జనం తిండినీ బట్టనూ ఆటపాటలనూ చరిత్రగా రాశారు. ఆ ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’కే, ఆయన కన్నుమూశాక, 1955లో తెలుగులో తొలి కేంద్ర సాహిత్య అకాడెమీ పురస్కారం దక్కింది.

నాగర్‌కర్నూల్ వైపు గౌరారం బిడ్డ గోరటి వెంకన్న. ఆయన పాడుతుంటే గొంతుతోపాటు ఒళ్లంతా ఆడుతుంది. ఊరి వాగులూ సంతలూ చితికిన చేతివృత్తులూ ఆ పాటల్లో మనుషుల్లా మసలుతాయి. 2020లో శాసనమండలికి వెళ్లారు. ఆయన కవితా సంపుటి ‘వల్లంకి తాళం’ 2021కి అదే అకాడెమీ పురస్కారం అందుకుంది.

ఈ ఊళ్లన్నీ కరువూ వలసా ఎరిగిన పాలమూరు నేలవే. ఇక్కడి కవి చట్టసభలో కూర్చుంటే అది అలంకారం కాదు, బాధ్యత. పదవికి గడువుంటుంది. జనం గోడు మోసిన మాటకు ఉండదు.