రెండో నంబరు జెర్సీ వెంట

శాన్ హువాన్, బతంగాస్

అన్నయ్యకు,

అలిస్సా వాల్డెజ్ పుట్టింది ఈ ఊళ్లోనే, 1993 జూన్ 29న. ఫిలిప్పీన్స్ మహిళా వాలీబాల్‌లో గత పదిహేనేళ్లుగా ఆమెకు వచ్చినంత పేరు మరొకరికి రాలేదు. అభిమానులు ఆమెను ‘ఫెనామ్’ అంటారు. ఆమె జెర్సీ నంబరు 2.

మనీలా నుంచి శాన్ హువాన్‌కు బస్సులో మూడు గంటల పైమాటే. నగర శివార్ల రద్దీ వదిలాక దారి పొడుగునా కొబ్బరి తోటలు వస్తాయి. ఊరికి రెండు సంగతుల్లో పేరుంది. ఒకటి లాయియా బీచి, రెండోది ఇక్కడి కుమ్మరులు చేసే మట్టికుండలు. హోటళ్లలో బరాకో కాఫీ పోస్తారు. డికాక్షన్ ఎంత చిక్కన అంటే, ఫిల్టర్ కాఫీ తాగిన నాలుకకు కూడా మొదటి గుక్క గట్టిగానే తగులుతుంది.

ఈ దేశానికి బాస్కెట్‌బాల్ అంటే పిచ్చి. ఆసియాలో మొట్టమొదటి ప్రొఫెషనల్ బాస్కెట్‌బాల్ లీగ్ 1975లో ఇక్కడే మొదలైంది. ‘బరంగాయ్’ అనే ప్రతి వార్డుకూ సిమెంటు కోర్టు, దానికి రెండు వైపులా బుట్టలు ఉంటాయి. అదే కోర్టు మధ్యలో నెట్ కడితే వాలీబాల్ కోర్టు తయారు. మగపిల్లలు బుట్టల కింద, ఆడపిల్లలు నెట్ దగ్గర ఆడటం చాలా ఊళ్లలో ఎప్పటి నుంచో ఉన్న అలవాటు. అయితే ఆడపిల్లల ఆట చాలాకాలం బడి గేటు దాటలేదు. లీగ్ లేదు, జీతం లేదు. ఆట బాగా వచ్చిన పిల్లకు దొరికే ప్రతిఫలమల్లా ఒక్కటే: మనీలాలో పెద్ద విద్యాసంస్థ ఇచ్చే స్కాలర్‌షిప్, హాస్టల్లో మంచం.

వాల్డెజ్ నడిచిన దారీ అదే. 1611లో పెట్టిన శాంతో తొమాస్ విశ్వవిద్యాలయం వారి హైస్కూల్లో చేరి జూనియర్ జట్టుకు ఆడింది. ఎత్తు 5 అడుగుల 9 అంగుళాలు. ఐరోపా జట్లలో ఈ ఎత్తు మామూలే. ఫిలిప్పీన్స్ బడి పిల్లల్లో మాత్రం నెట్‌కు అవతల నిలబడ్డ వాళ్లకు గుండె జారే ఎత్తు. ఆమె ఆడే స్థానాన్ని ఇక్కడ ‘ఓపెన్ స్పైకర్’ అంటారు. ఎడమ చివర నుంచి పరుగెత్తుకొచ్చి బంతిని బాదడం ఆ స్థానం పని. లిఫ్ట్ సరిగ్గా పడకపోతే, ఇంకెవరికీ ఇవ్వడానికి వీల్లేక బంతి చివరికి వచ్చి చేరేది కూడా అక్కడికే. ఆమె కొట్టిన పాయింట్లలో ఇలాంటి చెడ్డ బంతులవీ ఉన్నాయి.

కటిపునన్, కేజోన్ సిటీ

కటిపునన్ రోడ్డు మీద అటెనియో ద మనీలా విశ్వవిద్యాలయం ఉంది. జెస్యూట్ ఫాదర్ల సంస్థ. ఫీజులు ఎక్కువ, విద్యార్థుల్లో కలవారి పిల్లలు ఎక్కువ, రంగు నీలం. బతంగాస్ అమ్మాయి ఇక్కడి లేడీ ఈగల్స్ జట్టులోకి వచ్చింది. ఆమె పేరు దేశమంతా తెలిసింది ఈ జట్టు నుంచే. అందుకు కారణం ఆటతో పాటు పోటీ ఉన్న తీరు.

మనీలాలోని ఎనిమిది విశ్వవిద్యాలయాలు కలిసి ఆడుకునే పోటీల సంఘం పేరు యూఏఏపీ. 1938 నుంచి ఉంది. మ్యాచ్‌లు టీవీలో వస్తాయి. విద్యార్థులు, పాత విద్యార్థులు, వాళ్ల పిల్లలు, ఇంటిల్లిపాదీ రంగు చొక్కాలతో వచ్చి కూర్చుంటారు. అటెనియో నీలానికి డి లా సాల్ విశ్వవిద్యాలయం ఆకుపచ్చ ఆజన్మ శత్రువు. మన దగ్గర రెండు సినిమా హీరోల అభిమాన సంఘాల మధ్య ఉండే వైరాన్ని డిగ్రీ పట్టాలతో కలిపితే ఎలా ఉంటుందో ఇదీ అంతే.

వాల్డెజ్ ఇక్కడ ఆడింది ఐదు సీజన్లు, 2012 నుంచి 2016 దాకా ఐదు ఫైనళ్లు. ఐదింట్లోనూ ప్రత్యర్థి డి లా సాలే. మొదటి రెండూ ఓటమి. 2013 ఫైనల్ తర్వాత జట్టుకు ఊతంగా ఉన్న సీనియర్లు ఒక్కసారిగా చదువు ముగించుకుని వెళ్లిపోయారు. కోచ్ రోజర్ గొరాయెబ్ కూడా వెళ్లారు. మిగిలింది కుర్ర జట్టు, మధ్యలో వాల్డెజ్.

కొత్త కోచ్ థాయ్‌లాండ్ నుంచి వచ్చాడు. అనుసోర్న్ బుందిత్, అందరూ ‘తాయ్’ అంటారు. ఇంగ్లీషు కొద్దిగానే వచ్చు. అందుకే ఆయన చెప్పినదంతా నాలుగు మాటల్లో సరిపోయింది: ‘హార్ట్ స్ట్రాంగ్’, ‘హ్యాపీ హ్యాపీ’. మొదటిది గుండె గట్టిగా ఉంచుకోమని, రెండోది నవ్వుతూ ఆడమని. మ్యాచ్‌కు ముందు అమ్మాయిలు కళ్లు మూసుకుని ధ్యానం చేసేవారు. స్టాండ్లలో డప్పులు మోగుతుంటే కోర్టు మీద ఈ నిశ్శబ్దం జనానికి మొదట్లో వింతగా తోచింది. తర్వాత అదే జట్టు ముద్ర అయిపోయింది.

పసాయ్

మనీలా అఖాతం ఒడ్డున మాల్ ఆఫ్ ఆసియా అరీనా 2012లో తెరిచారు. వాల్డెజ్ మొదటి టైటిల్ 2014 మార్చిలో ఇక్కడే తేలింది. ఆ ఫైనల్ లెక్క అర్థం కావాలంటే ముందు నిబంధన తెలియాలి.

ఎనిమిది జట్లు ఒక్కో జట్టుతో రెండేసిసార్లు ఆడతాయి, అంటే జట్టుకు 14 మ్యాచ్‌లు. ఏ జట్టయినా పద్నాలుగూ గెలిస్తే అది నేరుగా ఫైనల్లోకి పోతుంది. మొదటి నాలుగు స్థానాల్లోని మిగతా మూడు జట్లు మెట్లెక్కినట్టు ఒకదాన్నొకటి ఓడించుకుంటూ పైకి రావాలి. 2014లో డి లా సాల్ పద్నాలుగూ గెలిచింది. అంతకుముందే వరసగా మూడేళ్లు ఛాంపియన్. అటెనియో మూడో స్థానం నుంచి బయల్దేరి మొదట ఆడమ్సన్‌ను, తర్వాత నేషనల్ యూనివర్సిటీని రెండుసార్లు ఓడించి ఫైనల్ చేరింది. అప్పట్లో ఫైనల్లో కూడా అజేయ జట్టుకు వెసులుబాటు ఉండేది. డి లా సాల్ రెండు గెలిస్తే చాలు, అటెనియో మూడు గెలవాలి.

మొదటి మ్యాచ్ అటెనియోది, రెండోది డి లా సాల్‌ది. అక్కడి నుంచి ఒక్క ఓటమితో అంతా అయిపోయే స్థితిలో మూడు, నాలుగు మ్యాచ్‌లు అటెనియో గెలిచింది. మహిళల వాలీబాల్‌లో ఆ విశ్వవిద్యాలయానికి అదే మొదటి యూఏఏపీ టైటిల్. నిబంధన అన్యాయంగా ఉందనేవాళ్లు అప్పుడూ ఉన్నారు. కానీ ఆ అన్యాయం లేకపోతే ఆ ఫైనల్ ఇంతగా గుర్తుండేది కాదు. మరుసటి ఏడు తక్కెడ తిరగబడింది. అటెనియో పద్నాలుగుకు పద్నాలుగు, ఫైనల్లో రెండుకు రెండు, మొత్తం 16 మ్యాచ్‌లు ఓటమి లేకుండా గెలిచింది. 2016 ఫైనల్ మూడో మ్యాచ్ దాకా వెళ్లి డి లా సాల్ చేతికి పోయింది. ఈ మూడేళ్లూ అత్యంత విలువైన క్రీడాకారిణి అవార్డు మాత్రం వాల్డెజ్‌దే. చివరిది ఓడిపోయిన జట్టులో ఉండి తీసుకున్నది.

నొంతబురి, థాయ్‌లాండ్

మనీలా నుంచి బ్యాంకాక్‌కు విమానంలో మూడున్నర గంటలు. అక్కడి నుంచి ఉత్తరంగా, చావో ఫ్రాయా నది వెంట నొంతబురి. వాసన దూరం నుంచే తెలిసే దురియన్ పండ్లకు పేరున్న ఊరు. కాలేజీ వదిలాక వాల్డెజ్ విదేశంలో మొదట ఆడింది ఇక్కడి క్లబ్బుకు, 3బీబీ నఖోన్‌నొంత్‌కు, 2016–17 సీజన్లో. తర్వాత తైవాన్‌లో అటాక్ లైన్ జట్టు. రెండూ చిన్న మజిలీలే.

ఫిలిప్పీన్స్ క్రీడాకారిణి థాయ్ లీగ్‌కు ఎందుకు రావాలన్న దానికి జవాబు జాతీయ జట్ల రికార్డులో ఉంది. ఆగ్నేయాసియా క్రీడల మహిళా వాలీబాల్లో దశాబ్దాలుగా స్వర్ణం థాయ్‌లాండ్‌ది. ఆసియా ఛాంపియన్‌షిప్ కూడా 2009, 2013, 2023ల్లో గెలుచుకుంది. ఎత్తులో ఫిలిప్పీన్స్ అమ్మాయిలకూ థాయ్ అమ్మాయిలకూ పెద్ద తేడా లేదు. తేడా రిసీవ్‌లో, లిఫ్ట్ వేగంలో, చిన్నప్పటి నుంచి ఒకే జట్టుగా పెంచడంలో ఉంది. ఫిలిప్పీన్స్‌కు 2005 తర్వాత పదేళ్ల పాటు ఆ క్రీడల్లో మహిళా వాలీబాల్ జట్టే లేదు. 2015లో సింగపూర్‌కు మళ్లీ జట్టు పంపినప్పుడు, ప్రారంభోత్సవంలో దేశం జెండా పట్టుకుని ముందు నడిచింది వాల్డెజ్. అప్పటికి ఆమె ఇంకా కాలేజీ విద్యార్థిని. కండలు తిరిగిన బాక్సర్లు, బాస్కెట్‌బాల్ వీరులు ఉన్న బృందంలో జెండా వాలీబాల్ అమ్మాయి చేతికి రావడం ఆట ఎక్కడికి చేరిందో చెబుతుంది. పతకం మాత్రం రాలేదు. 2017, 2019, 2022ల్లోనూ రాలేదు. స్వదేశంలో టికెట్లు దొరకనంత జనం, ఆ క్రీడల్లో పతకం లేని జట్టు: ఈ రెండూ ఆ ఏళ్ల పొడుగునా పక్కపక్కనే నడిచాయి.

శాన్ హువాన్, మెట్రో మనీలా

ఈ శాన్ హువాన్ వేరు. ఆమె పుట్టిన పల్లెపట్నం కాదు, మనీలా నడిబొడ్డున ఇరుకు నగరం. ఇక్కడి ఫిల్‌ఆయిల్ స్టేడియంలో లీగ్ మ్యాచ్‌లు చాలా జరిగాయి. స్పాన్సర్ మారినప్పుడల్లా స్టేడియం పేరు ముందో వెనకో ఒక మాట మారుతుంది.

2004లో షేకీస్ పిజ్జా కంపెనీ పేరుతో వి-లీగ్ మొదలైంది. కాలేజీ జట్లే ఎక్కువగా ఆడేవి. తర్వాత కంపెనీలు జట్లు పెట్టాయి. వాల్డెజ్ టెలిఫోన్ కంపెనీ పీఎల్‌డీటీ జట్టుకూ, కస్టమ్స్ శాఖ జట్టుకూ ఆడింది. 2017లో ఆ లీగే ప్రీమియర్ వాలీబాల్ లీగ్‌గా మారింది. అప్పుడే ఆమె క్రీమ్‌లైన్ కూల్ స్మాషర్స్‌లో చేరింది, కెప్టెన్ అయింది. క్రీమ్‌లైన్ అంటే ఐస్‌క్రీమ్. ‘స్మాష్’ అన్న మాట మన ఊరి గ్రౌండ్లలో పలికేదే కాబట్టి జట్టు పేరు సగం అన్నయ్యకు పరిచయమే.

2024లో లీగ్ జట్ల పట్టిక చదివితే కిరాణా కొట్టు బిల్లు చదివినట్టుండేది. చోకో మూచో చాక్లెట్ వేఫర్, పెట్రో గాజ్ వంటగ్యాస్, చెరీ టిగ్గో కారు, సిగ్నల్ డిష్ టీవీ, అకారి బల్బులు, ఫార్మ్ ఫ్రెష్ పాలు. ఏ జట్టుకూ సొంత ఊరు లేదు. అందుకే అభిమానులు జట్టు కన్నా ముందు మనిషిని పట్టుకుంటారు. కాలేజీలో నీలం చొక్కా వేసినవాళ్లు వాల్డెజ్ వెంట క్రీమ్‌లైన్ గులాబీ రంగులోకి మారారు. బిస్కెట్ల కంపెనీ రెబిస్కోకు ఈ లెక్క ముందే తెలుసు. క్రీమ్‌లైన్, చోకో మూచో రెండూ దానివే.

2018లో క్రీమ్‌లైన్ తొలి రెండు టైటిళ్లు గెలిచింది. రెండోదాని ఫైనల్లో ఎదుట నిలిచింది అటెనియో జట్టే. ఆమె తన పాత విశ్వవిద్యాలయాన్నే ఓడించింది. కోచ్‌గా ఇటు వైపు కూర్చున్నది తాయ్ బుందిత్. కాలేజీ పిల్లలు, జీతాల క్రీడాకారిణులు ఒకే లీగ్‌లో ఆడిన ఆఖరి రోజులవి. కోవిడ్ విరామం తర్వాత, 2021లో, లీగ్ ప్రొఫెషనల్ అయింది. మొదటి సీజన్‌ను ఇలోకోస్ నోర్తేలోని బకర్రాలో, ప్రేక్షకులు లేకుండా, జట్లన్నిటినీ బయటి ప్రపంచానికి దూరంగా ఉంచి ఆడించారు. ఫైనల్లో చెరీ టిగ్గో చేతిలో క్రీమ్‌లైన్ ఓడింది. అదే ఏడాది అక్టోబర్‌లో వాల్డెజ్ ‘పినోయ్ బిగ్ బ్రదర్’ టీవీ షో ఇంట్లోకి వెళ్లింది. వాలీబాల్ చూడనివాళ్లకు కూడా ఆమె ముఖం తెలిసింది అప్పుడే.

కుబావ్, కేజోన్ సిటీ

కటిపునన్ నుంచి లోకల్ రైల్లో రెండో స్టేషన్ కుబావ్. ఇక్కడి అరనెతా కొలీజియం 1960 నాటిది. 1975లో మహమ్మద్ అలీ, జో ఫ్రేజియర్‌ల ‘థ్రిల్లా ఇన్ మనీలా’ జరిగింది ఈ గుమ్మటం కిందే. 2023 డిసెంబర్‌లో ఇదే గుమ్మటం కింద మహిళల వాలీబాల్ ఫైనల్ చూడటానికి 24 వేల మందికి పైగా వచ్చారు. ఆడింది క్రీమ్‌లైన్, చోకో మూచో. ఐస్‌క్రీమ్ గెలిచింది, ఆ టోర్నీలో ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా.

ఆ విజయానికి ముందు ఏడాదిన్నర వాల్డెజ్‌కు కష్టకాలం. 2022 ఆగస్టులో క్రీమ్‌లైన్ జట్టే దేశం తరఫున ఆసియా కప్ ఆడి ఆరో స్థానం తెచ్చుకుంది. కెప్టెన్ మాత్రం డెంగీ జ్వరంతో మంచాన ఉంది. డిసెంబర్‌లో మోకాలు దెబ్బతింది. 2023 మొదటి టోర్నీని జట్టు ఆమె లేకుండానే ఆడి, గెలిచింది. ఒక ఓపెన్ స్పైకర్‌కు మోకాలంటే పనిముట్టు. ఒక్కో మ్యాచ్‌లో పదుల సార్లు ఎగరాలి, ప్రతిసారీ గట్టి నేల మీదకే దిగాలి.

తిరిగొచ్చాక ఆమె పని మారింది. టాట్స్ కార్లోస్, జెమా గలాంజా, మిచెల్ గుమబావ్ పాయింట్లు కొడతారు. లిఫ్టర్ జియా డి గుజ్మాన్ 2023లో జపాన్ లీగ్‌కు వెళ్లింది. వాల్డెజ్ చాలా మ్యాచ్‌ల్లో బెంచీ మీద మొదలుపెట్టి, రిసీవ్ తడబడినప్పుడు, జట్టు గుండె జారినప్పుడు లోపలికి వస్తుంది. ఆమె లేచి ట్రాక్‌సూట్ విప్పగానే, ఇంకా సబ్‌స్టిట్యూషన్ బోర్డు ఎత్తకముందే, కొలీజియం పై వరసల నుంచి కేక మొదలవుతుంది.

2024లో కోచ్ షెర్విన్ మెనెసెస్ కింద క్రీమ్‌లైన్ ఆ ఏడాది మూడు టోర్నీలూ గెలిచి మొత్తం పది టైటిళ్లకు చేరింది. అంతవరకు మంచి క్రీడాకారిణులు తమకు నచ్చిన జట్టులో చేరేవారు. ఆ ఏడాది జులైలో లీగ్ తొలిసారి డ్రాఫ్ట్ పెట్టింది. అంటే కాలేజీ నుంచి వచ్చేవాళ్లను జట్లు వరసక్రమంలో ఎంచుకుంటాయి, బలహీన జట్టుకు ముందు వంతు. వాల్డెజ్ వచ్చిన దారిన ఇక ఎవరూ రాలేరు. 2025 ఏప్రిల్‌లో ఆల్-ఫిలిపినో ఫైనల్లో పెట్రో గాజ్ గెలిచి, క్రీమ్‌లైన్‌కు పదకొండో టైటిల్ దక్కకుండా చేసింది.

— తమ్ముడు