మందుల లెక్కలోకి రాని సీసా

ఇసినోఫిల్‌ను గుర్తుపట్టడం కష్టం కాదు. రంగు వేసిన రక్తపు స్లైడును మైక్రోస్కోపు కింద పెడితే, రెండు తమ్మెల కేంద్రకంతో, ఒళ్ళంతా నారింజ రంగు రేణువులతో ఇట్టే కంటపడుతుంది. ఆరోగ్యంగా ఉన్న మనిషిలో వంద తెల్లకణాలు లెక్కపెడితే ఒకటో రెండో, మహా అయితే ఐదో తగులుతాయి. 1989 అక్టోబరులో, కిచెనర్‌లో నేను పనిచేసే ల్యాబులో, ఒక స్లైడు మీద నూటికి నలభై దాటాయి. యంత్రం ఇచ్చిన లెక్క నమ్మశక్యంగా లేదని, చేత్తో లెక్కపెట్టమని నా బల్ల మీదికి పంపిన స్లైడు అది. లెక్కపెట్టాను. పక్క బల్ల ఆవిడ చేత కూడా లెక్కపెట్టించాను. తేడా లేదు. మొత్తం తెల్లకణాలు పదహారు వేలు, అంటే ఒక్క ఇసినోఫిల్సే మైక్రోలీటరుకు ఆరు వేల పైచిలుకు. ఐదు వందలు దాటితేనే ఎక్కువంటాం.

చీటీ మీద ఉన్నది తెలుగు పేరు. ఆ రోజుల్లో కిచెనర్, వాటర్లూ రెండూ కలిపినా మనవాళ్ళ ఇళ్ళు కొద్ది. ఆవిణ్ణి నేను అక్కయ్యా అని పిలిచేదాన్ని. కారు విడిభాగాల ఫ్యాక్టరీలో రాత్రి షిఫ్టు చేసేది. ల్యాబులో చూసింది గడప దాటకూడదు కాబట్టి నేనుగా ఫోను చెయ్యలేదు. దీపావళికి అందరం ఒకరింటి బేస్‌మెంటులో కలిసినప్పుడు ఆమే చెప్పుకుంది.

"ఏం రోగమో తెలీదు తల్లీ. పిక్కలు, తొడలు ఎవరో మెలిపెట్టి పిండుతున్నట్టున్నాయి. మెట్లెక్కలేను. దువ్వెన ఎత్తితే చెయ్యి లాగేస్తుంది" అంది. ముంజేతులు వాచి ఉన్నాయి. చర్మం బిగుసుకుపోయి, వేలితో నొక్కితే లోపలికి పోవడం లేదు. మొదట పొడిదగ్గు, తరవాత దద్దుర్లు, ఆ తరవాత నొప్పులు. జుట్టు కుచ్చులు కుచ్చులుగా ఊడుతోందట.

వాళ్ళాయన్ని నేను అన్నయ్యగారూ అనేదాన్ని. ఆయన మాత్రం ధైర్యంగానే ఉన్నారు. "ఈస్నోఫీలియా అన్నారమ్మా. అదెంతలే, మన ఊళ్ళో ఎవరికి లేదు? మా తమ్ముడికి రాశాను, హెట్రజాన్ మాత్రలు పంపిస్తాడు" అన్నారు.

అన్నయ్యగారి ధైర్యానికి కారణం లేకపోలేదు. దగ్గూ ఆయాసంతో డాక్టరు దగ్గరికి వెళితే రక్తపరీక్ష రాయడం, ఇసినోఫిల్స్ ఎక్కువున్నాయని తేలడం, హెట్రజాన్ వాడితే తగ్గిపోవడం మన జిల్లాల్లో ఇంటింటికీ తెలిసిన కథ. ఫైలేరియా పురుగుల మీద పనిచేసే ఆ మందు అమెరికాలో లెడర్లీ ప్రయోగశాలలో, మన భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు నాయకత్వంలో తయారై 1947లో లోకానికి తెలిసింది. ఉస్మానియా ఆసుపత్రి ల్యాబులో పని నేర్చుకున్న రోజుల్లో ఇసినోఫిల్స్ ఎక్కువున్న స్లైడులు నేను లెక్కలేనన్ని చూశాను. కానీ ఇంత కండరాల నొప్పి, ఇలా బిగుసుకున్న చర్మం ఆ రోగుల్లో చూడలేదు. ఆ మాటే ఆయనతో అన్నాను. హెట్రజాన్ వచ్చినా డాక్టరుకు చెప్పకుండా వెయ్యొద్దని బతిమాలాను.

ఇక్కడి డాక్టర్లూ ఆ దారిలోనే వెతికారు. ఇండియా నుంచి వచ్చిన మనిషి కాబట్టి ముందు పురుగులు. మలపరీక్షలు చేశారు. ఫైలేరియా పిల్లపురుగులు రాత్రిపూటే రక్తంలోకి వస్తాయి కాబట్టి అర్ధరాత్రి పిలిచి రక్తం తీశారు. పంది మాంసం వల్ల వచ్చే ట్రైకినెల్లా సంగతి కూడా అడిగారు. పుట్టి బుద్ధెరిగి గుడ్డు కూడా ముట్టని మనిషి, ఆ ప్రశ్నకి ఏడ్చినంత పని చేసింది. ఏదీ లేదు. కాన్సరేమో అన్న మాట ఆ ఇంట్లో పైకి అనకుండా తిరగడం మొదలైంది.

నవంబరు రెండోవారం వచ్చింది. కిచెనర్‌కు 1916 దాకా బెర్లిన్ అనే పేరు. ఇప్పటికీ జర్మన్ మూలాలవాళ్ళు ఎక్కువ. తొమ్మిదో తేదీన అసలు బెర్లిన్‌లో గోడ పడిపోతే మా ల్యాబులో ముసలి జర్మన్ సహోద్యోగులు పని మధ్యలో కళ్ళు తుడుచుకున్నారు. ఇంట్లో టీవీ కట్టెయ్యబుద్ధి కాలేదు. కేబుల్లో అమెరికా చానెళ్ళూ వచ్చేవి. ఆ వార్తల మధ్యలో, ఆ వారాంతంలో, ఒక చిన్న వార్త: ఎల్-ట్రిప్టోఫాన్ అనే పోషక మాత్రలు వాడవద్దని అమెరికా మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ హెచ్చరించింది. న్యూ మెక్సికోలో కొందరికి విపరీతమైన కండరాల నొప్పులు, రక్తంలో ఇసినోఫిల్స్ పెరుగుదల.

ఫోను తీశాను. "అక్కయ్యా, నిద్రకేమైనా వేసుకుంటున్నావా?"

"మందులేం లేవు తల్లీ, డాక్టరుకీ అదే చెప్పాను."

"మందు కాదు. విటమిన్లు, పొడులు, అలాంటివి?"

"ఆ, అదా! అది మందు కాదుగా. పాలల్లో ఉండేదే, మాత్రగా చేశారట. బఫెలో నుంచి మా చిన్నాన్న కూతురు తెచ్చింది. వేసవి నుంచి వేసుకుంటున్నాను. పగలు నిద్ర పట్టాలి కదా." సీసా తెచ్చి అక్షరం అక్షరం చదివింది. టీ ఆర్ వై అనేసరికే నాకు అర్థమైంది.

"ఇంక ఒక్కటి కూడా వెయ్యకు. సీసా పారెయ్యకు. రేపు డాక్టరు దగ్గరికి చేత్తో పట్టుకెళ్ళు."

ఆమె అబద్ధం చెప్పలేదు. డాక్టరు అడగడమూ మానలేదు. మందులేమైనా వాడుతున్నారా అని అడిగారు, లేదని ఆమె మనస్ఫూర్తిగా చెప్పింది. అప్పట్లో కెనడాలో ట్రిప్టోఫాన్ డాక్టరు చీటీ మీద ఇచ్చే మందు. రెండు గంటల కారు ప్రయాణం చేసి సరిహద్దు దాటితే అదే పదార్థం విటమిన్ల అరలో, ఎవరైనా తీసుకోగలిగే సీసా. ఆ తేడా ఎంతటిదో ఆ సంవత్సరం తెలిసింది.

న్యూ మెక్సికో వాళ్ళకు అంతుపట్టింది కూడా ఇలాంటి ప్రశ్నతోనే. లాస్ అలమోస్‌లో ఫిలిప్ హెర్ట్స్‌మన్ అనే కుటుంబ వైద్యుడు, చుట్టుపక్కల ఇద్దరు ముగ్గురు డాక్టర్లు తమ రోగుల వివరాలు పక్కపక్కన పెట్టి చూసుకున్నారు. ఇసినోఫిల్స్ గురించి బాగా తెలిసిన మేయో క్లినిక్ డాక్టర్ జెరాల్డ్ గ్లైక్‌నూ సంప్రదించారు. రోగులైన ఆ ముగ్గురు ఆడవాళ్ళకూ ఉమ్మడిగా ఉన్నది ఆ మాత్ర. నవంబరు 7న ఆల్బుకర్కీ జర్నల్‌లో టమర్ స్టీబర్ అనే విలేకరి ఈ సంగతి బయటపెట్టింది. ఆ కథనాలకు మరుసటి ఏడు ఆమెకు పులిట్జర్ బహుమతి వచ్చింది. నవంబరు 17న ఆ మాత్రలను దుకాణాల నుంచి వెనక్కి రప్పించారు. జబ్బుకు ఇసినోఫీలియా-మయాల్జియా సిండ్రోమ్ అని పేరు పెట్టారు. అమెరికాలో పదిహేను వందలమందికి పైగా జబ్బుపడ్డారు, ముప్ఫైఏడు మంది దాకా పోయారు.

పరిశోధకులు రోగులు వాడిన మాత్రల మూలం వెతుక్కుంటూ వెళితే జపాన్‌లోని షోవా డెంకో అనే సంస్థ చేసిన ట్రిప్టోఫాన్ దగ్గర తేలింది. వాళ్ళు దాన్ని బాక్టీరియాతో పులియబెట్టి తీస్తారు. 1988 చివర జన్యుమార్పిడి చేసిన కొత్త బాక్టీరియాను తెచ్చారు. దాదాపు అదే సమయంలో శుద్ధి చెయ్యడానికి వాడే బొగ్గుపొడిని సగానికి తగ్గించారు. ఆ సరుకులో 'పీక్ ఇ' అనే కల్మషం దొరికింది, తరవాత మరికొన్ని దొరికాయి. అవన్నీ అతి స్వల్ప మోతాదులో ఉన్నవి. తప్పు బాక్టీరియాదా, బొగ్గుదా, కచ్చితంగా ఏ కల్మషానిదా అన్నది తేలలేదు. స్పెయిన్‌లో 1981లో కల్తీ రేప్‌సీడ్ నూనె తిని ఇరవై వేలమంది జబ్బుపడ్డప్పుడు కనిపించిన లక్షణాలు ఈ జబ్బు లక్షణాలకు బాగా దగ్గర. అక్కయ్య సీసాలోది ఎవరు చేసిన పొడో మాకు తెలియలేదు, సీసా డాక్టరుగారే తీసుకున్నారు.

ట్రిప్టోఫాన్ నాకు కొత్త పేరు కాదు, అందుకే ఆ రోజుల్లో మరీ బాధేసింది. మన తెలంగాణలో జొన్నన్నం, జొన్నరొట్టె మీదే బతికే పేదల్లో పెల్లాగ్రా కనిపించేది. ఎండ తగిలే చోట చర్మం నల్లబడి పగిలిపోవడం, విరేచనాలు, మతి తప్పడం. హైదరాబాద్‌లోని ఇప్పటి జాతీయ పోషకాహార సంస్థలో డాక్టర్ సి. గోపాలన్ బృందం దానిమీద ఏళ్ళ తరబడి పనిచేసింది. శరీరం ట్రిప్టోఫాన్ నుంచి నయాసిన్ అనే విటమిన్ చేసుకుంటుంది, జొన్నలో ఎక్కువగా ఉండే ల్యూసిన్ ఆ పనికి అడ్డొస్తుందని వాళ్ళు 1960లో ప్రతిపాదించారు. పూట గడవని వాళ్ళకి ఒంట పట్టక జబ్బు చేసిన పదార్థమే, ఇక్కడ మాత్రగా మారి, నిద్రలేని కూలిమనిషిని పడగొట్టింది.

మాత్రలు మానేశాక అక్కయ్యకు ప్రెడ్నిసోన్ అనే స్టెరాయిడ్ మొదలుపెట్టారు. తొడ నుంచి చిన్న ముక్క తీసి చూస్తే కండరం మీది పొరలో వాపు, అందులో గుంపులుగా కణాలు. ఇసినోఫిల్స్ కొద్ది రోజుల్లోనే దిగిపోయాయి. ఆ స్లైడు నాకే వచ్చింది. నూటికి రెండు. అంత మామూలు స్లైడు చూసి బల్ల ముందు కూర్చుని అంత సంతోషపడ్డది నా ఉద్యోగంలో అదొక్కసారే.

కానీ లెక్క దిగినంత తేలిగ్గా నొప్పి దిగలేదు. జుట్టు తిరిగొచ్చింది, దగ్గు పోయింది. పిక్కలు పట్టెయ్యడం, అరికాళ్ళ తిమ్మిర్లు ఉండిపోయాయి. రక్తం బాగుంది కదా, ఇంకా ఏమిటి అని ఫ్యాక్టరీలో అడిగేవాళ్ళు. మనవాళ్ళూ అడిగారు, అది ఆమెను ఎక్కువ నొప్పించింది. అమెరికాలోనూ చాలామందికి ఏళ్ళ తరబడి అంతేనని తరవాత చదివాను. రాత్రి షిఫ్టుకు మళ్ళీ వెళ్ళలేకపోయింది. అన్నయ్యగారు వంటా, మంచు ఎత్తడమూ తన మీద వేసుకున్నారు. హెట్రజాన్ పొట్లం పార్సిల్లో వచ్చింది. విప్పకుండా బీరువాలో పెట్టారు.

2004లో కెనడా సహజ ఆరోగ్య ఉత్పత్తులకు నియమాలు తెచ్చింది. అనుమతి ఉన్న సీసా మీద ఎన్‌పీఎన్ అని ఎనిమిది అంకెల సంఖ్య ఉంటుంది. ఆ ఎనిమిది అంకెలు చూడమని కానెస్టోగా కాలేజీకి వచ్చే మన పిల్లలకు అక్కయ్య ఇప్పటికీ చెబుతుంది. ప్రొటీన్ పొడి, నిద్ర గమ్మీ, ఊరి నుంచి అమ్మ పంపిన లేహ్యం, ఏదైనా సరే డాక్టరు అడిగినప్పుడు పేరు చెప్పమంటుంది. పిల్లలు సరే ఆంటీ అంటారు. కొందరు నిజంగానే సీసాలు తెచ్చి చూపిస్తారు.

కొత్త డాక్టరు దగ్గరికి వెళ్ళినప్పుడల్లా నన్ను తోడు తీసుకెళుతుంది. ఏ మందులు పడవు అన్న ప్రశ్న రాగానే ట్రిప్టోఫాన్, 1989 అని చెప్పి, స్పెల్లింగు చెప్పి, వాళ్ళు రాసేదాకా ఆగుతుంది. ఆ ఏటికి ఇంకా పుట్టని డాక్టర్లు చాలామందికి ఆ జబ్బు పేరు తెలియదు. మొన్న ఒక అమ్మాయి మాత్రం కలం పక్కన పెట్టి, "ఎప్పుడు మొదలైంది, ముందు ఏమొచ్చింది, మొదటి నుంచి చెప్పండి" అంది. అక్కయ్య దగ్గు దగ్గర మొదలుపెట్టింది.