మూడో నెల

పిన్ను జారిపోయింది. పూలామె మళ్ళీ పెట్టింది, మళ్ళీ జారింది. మూడోసారి పెట్టబోయి ఆగి, నా జడని అరచేతిలోకి తీసుకుని బొటనవేలితో మందం చూసింది.

నిరుడు శ్రావణం. వరలక్ష్మీ వ్రతానికి ముందురోజు, గురువారం. విశాఖ పూర్ణా మార్కెట్‌లో అడుగు తీసి అడుగు వేయడానికి లేదు. అరటి పిలకలు, తమలపాకు కట్టలు, మామిడి కొమ్మలు, కొబ్బరికాయల గుట్టలు, వాటి మధ్య తడి గోనెల మీద చామంతులు. రాత్రి వానకి నేలంతా బురద. అమ్మ ముప్ఫై ఏళ్ళుగా ఒకామె దగ్గరే పూలు కొంటోంది. నా పెళ్ళికి పూలజడ మొగ్గలు తెచ్చిపెట్టింది కూడా ఆమే. నేను ఇంగ్లండ్ నుంచి వచ్చినప్పుడల్లా మూరెడు కనకాంబరాలు తుంచి, డబ్బులు పుచ్చుకోకుండా, తన చేత్తో నా జడలో పెట్టి పంపుతుంది. పదిహేడేళ్ళలో ఒక్కసారీ పిన్ను జారలేదు.

"ఏటి పాపా, జుట్టేటైపోనాది?"

నాకు గొంతు పెగల్లేదు. అమ్మే చెప్పింది, అక్కడ ఆపరేషన్ అయిందని, గర్భసంచి తీసేశారని.

"ఎప్పుడు కోసేరు?"

"ఏప్రిల్ మధ్యలో."

ఆమె వేళ్ళ కణుపుల మీద లెక్కపెట్టింది. "సైత్రం. వయిశాకం, జేష్టం, ఆసాడం. ఆసాడంలో ఊడ్డం మొదలెట్టిందా?"

ఎప్పుడు మొదలైందో నేను అప్పటిదాకా అమ్మకి కూడా చెప్పలేదు. జూలై మొదటి వారం. ఆషాఢమే.

"అయితే అదేలే. పురుడోసుకున్నోళ్ళకీ అంతే గదా. సంటిపిల్ల తల్లి మొగం గురుతుపట్టీ ఏలకి తల్లి జుట్టు ఊడతాది. మళ్ళీ వచ్చెత్తాది." ఇలా అంటూనే దండని సగానికి తుంచి, ఆ సగాన్నే రెండు పిన్నులతో చెవి పైకి నిలబెట్టింది.

నెల రోజులుగా నేను ఎన్ని తంటాలు పడ్డానో ఆమెకి తెలియదు. మేముండే రెడింగ్ ఊళ్ళో నీళ్ళు ఉప్పునీళ్ళలాంటివి. కెటిల్ అడుగున నెలకోసారి సున్నం పెచ్చులు కడతాయి. అక్కడి తెలుగిళ్ళలో జుట్టు ఊడితే ముందు ఆ నీళ్ళనే తిడతారు. నేనూ వాటినే అనుమానించాను. స్నానాల గదిలో కుళాయికి ఫిల్టర్ బిగించాను. షాంపూ మార్చాను. కుంకుడుకాయలు తెప్పించుకున్నాను. అయినా పొద్దున్నే దిండు మీద, సింకు జాలీలో, పిల్లలకి చపాతీ పిండి కలుపుతుంటే గిన్నె అంచున, ఎక్కడ చూసినా నా జుట్టే. తెల్లటి టైల్స్ మీద నల్లటి ఉండలు. తలస్నానమంటే భయం పుట్టి వారానికి ఒక్కసారే చేసేదాన్ని. ఆ రోజు వారం రోజుల జుట్టూ ఒక్కసారే చేతిలోకి వచ్చేది, భయం ఇంకా పెరిగేది.

ఆపరేషన్ సంగతి మాత్రం నా తలపుకే రాలేదు, ఎందుకంటే అప్పటికి దాన్ని మరిచిపోవడం మొదలుపెట్టాను. కుట్లు మానాయి. ఆరు వారాలు బరువులెత్తకూడదన్నారు, ఎత్తలేదు. జూన్‌లో ఉద్యోగంలో చేరాను. కలిసినవాళ్ళంతా కోలుకున్నావు, మొహంలో కళ వచ్చింది అన్నారు. నిజంగానే నాలుగేళ్ళ తర్వాత నెలనెలా అధిక రక్తస్రావం లేకుండా ఉన్నాను. అంతా సర్దుకున్నాక, పదకొండో వారంలోనో పన్నెండో వారంలోనో ఒకటి మొదలైతే, దాన్ని ఎవరు వెనక్కి తీసుకెళ్ళి ఏప్రిల్‌కి ముడిపెడతారు? ఇంటికి పంపేటప్పుడు ఆసుపత్రివాళ్ళు ఇచ్చిన పుస్తకం చాలా వివరమైనదే. మేజోళ్ళు ఎన్నాళ్ళు వేసుకోవాలో, సూది పొట్టలో ఎలా పొడుచుకోవాలో, కారు ఎప్పటినుంచి నడపవచ్చో అన్నీ ఉన్నాయి. జుట్టు గురించి ఒక్క ముక్క లేదు. విశాఖ నుంచి తిరిగొచ్చాక మళ్ళీ మొదటి నుంచి చివరిదాకా చదివాను. లేదు.

మార్కెట్ నుంచి బురుజుపేట కనకమహాలక్ష్మి గుడికి వెళ్ళాం. గర్భాలయానికి పైకప్పు లేని ఆ గుళ్ళో, సన్నటి చినుకుల్లో వరసలో నిలబడి, అమ్మ నెమ్మదిగా నోరు విప్పింది. ఏప్రిల్‌లో నన్ను థియేటర్‌లోకి తీసుకెళ్ళిన పూట సింహాద్రి అప్పన్నకి మొక్కుకుందట, క్షేమంగా బయటికొస్తే నా చేత మూడు కత్తెర్లు ఇప్పిస్తానని. ఇప్పుడు ఈ తల చూశాక అడగడానికి నోరు రావడం లేదంది. "జుట్టు రానీ, తర్వాత ఇద్దాంలే. ఆయన ఏమీ అనుకోడు."

మర్నాడు వ్రతం. శనివారం పొద్దున కేజీహెచ్ ఆసుపత్రి దిగువన ఒక చర్మవ్యాధుల డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళాను. కుర్చీలో కూర్చున్నానో లేదో ఆవిడ అడిగిన మొదటి ప్రశ్న, "గత నాలుగు నెలల్లో పెద్ద జ్వరంగానీ, ఆపరేషన్‌గానీ, కాన్పుగానీ?" పూలామె లెక్క మొదలుపెట్టింది కూడా అక్కడినుంచే.

ఆవిడ చెప్పింది నాకు అర్థమైనట్టు రాస్తాను. మన తల మీద సుమారు లక్ష వెంట్రుకలుంటాయి. అన్నీ ఒకేసారి పెరగవు. నూటికి ఎనభై అయిదు నుంచి తొంభై దాకా పెరిగే దశలో ఉంటాయి. అది కొన్నేళ్ళు సాగుతుంది. మిగతావి విశ్రాంతిలో ఉంటాయి, దాదాపు మూడు నెలలు. ఆ గడువు తీరాక రాలిపోతాయి. రోజుకి యాభై, వంద ఊడటం అందుకే, ప్రతివాళ్ళకీ అంతే. ఒంటికి పెద్ద దెబ్బ తగిలినప్పుడు, రక్తం పోయినప్పుడు, వారాలపాటు సరైన తిండి లేనప్పుడు, శరీరం ఉన్న శక్తిని ప్రాణం నిలిపే అవయవాలకి మళ్ళించుకుంటుంది. జుట్టు పెంచడం ఆపుతుంది. పెరుగుతున్న వెంట్రుకల్లో చాలా భాగం ఒక్కసారే విశ్రాంతిలోకి జారుకుంటాయి. ఆ రోజు పైకి ఏమీ కనిపించదు. విశ్రాంతి మూడు నెలలు కనుక మూడో నెలలో అన్నీ కలిసి రాలతాయి. అంటే జూలైలో నా చేతిలోకొచ్చిన వెంట్రుక పెరగడం ఆపింది ఆపరేషన్ బల్ల మీద.

దీనికి టెలోజెన్ ఎఫ్లూవియం అని పేరు. ఆ పేరుతో 1961లో మొదట వివరంగా రాసింది పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలో చర్మవైద్యుడైన ఆల్బర్ట్ క్లిగ్‌మన్. తర్వాత నేను చదివి తెలుసుకున్నదేమిటంటే, ఫిలడెల్ఫియాలోని హోమ్స్‌బర్గ్ జైల్లో ఖైదీల మీద ఏళ్ళ తరబడి ప్రయోగాలు చేసిందీ ఈయనే. ఆ పేరు రాసిన చోట ఈ మాట కూడా రాయాలనిపించింది.

నేను ఒక కాగితంలో మడిచి తీసుకెళ్ళిన జుట్టుని డాక్టరమ్మ బల్ల మీద పరిచింది. ప్రతి వెంట్రుక చివరా చిన్న తెల్ల చుక్క. నాకు అసలు భయం ఆ చుక్కే. కుదురుతో సహా పెకలించుకుని వస్తోందని, ఇక అక్కడ మొలిచేది ఉండదని అనుకున్నాను. ఆవిడ నవ్వింది. "ఇది కుదురు కాదమ్మా. పెరగడం అయిపోయిన వెంట్రుక మొదలు ఇలాగే గుండుసూది తలలా గట్టిపడుతుంది. కుదురు చర్మం లోపలే ఉంది. అక్కడ మళ్ళీ కొత్తది మొదలవుతుంది." నెల రోజులుగా దేన్ని చూసి వణికిపోయానో, తిరిగి వస్తుందనడానికి అదే గుర్తు అయింది.

తల చూసి గుండ్రటి బోడి మచ్చలు లేవంది. అలా ఉంటే అది పేనుకొరుకుడు, దానికి వైద్యం వేరు. మాడు మీద ఎరుపు, దురద ఉన్నా, ఆరు నెలలు దాటినా ఊడటం ఆగకపోయినా వేరే కారణం వెతకాలి, థైరాయిడ్ చూడాలి. మత్తుమందు వల్లేనా అని అడిగాను, మన ఊళ్ళో ఏం జరిగినా మత్తింజక్షన్ మీద పెట్టేస్తారు కదా. ఒక్క మత్తుమందు మీద నింద వేయలేమని, శరీరం మొత్తం పడ్డ శ్రమ అదని చెప్పింది. నేను వాడుతున్న బయోటిన్ బిళ్ళలు రక్తపరీక్షకి ముందు ఆపమంది. అవి థైరాయిడ్ ఫలితాన్ని తప్పుగా చూపించగలవట. పరీక్షలో థైరాయిడ్ బాగానే ఉంది. బాగా లేనిది ఇనుము. ఒంట్లో ఇనుము నిల్వ ఎంతుందో చెప్పే ఫెరిటిన్ అట్టడుగున ఉంది. నాలుగేళ్ళ రక్తస్రావం, దాని మీద కోత. ఇనుము మాత్రలు నిమ్మరసంతో వేసుకోమని, టీకి దూరంగా వేసుకోమని రాసిచ్చింది. నూనె ఏది రాయాలని అమ్మ అడిగింది. చిక్కు పడకుండా ఏది రాసినా మంచిదే, అది జుట్టు రప్పించదు అంది. అమ్మకి అది అంతగా నచ్చలేదు.

ఆ సాయంత్రం అమ్మ తన సంగతి చెప్పింది, అంతకుముందు ఎప్పుడూ చెప్పనిది. పన్నెండో ఏట టైఫాయిడ్ వచ్చి కేజీహెచ్‌లో ఉందట. ఇంటికొచ్చిన రెండు మూడు నెలలకి జుట్టంతా పలచబడిపోతే తాతయ్య గుండు చేయించారు. తర్వాత జుట్టు ఒత్తుగా వచ్చింది. గుండు చేయించడం వల్లే వచ్చిందని అమ్మ ఇవాళ్టికీ నమ్ముతుంది. చేయించకపోయినా వచ్చేదే. ఈ జబ్బు తీరే అంత. మూడో నెలలో ఏది వాడుతుంటే దానిమీద నింద పడుతుంది, తొమ్మిదో నెలలో ఏది వాడుతుంటే దానికి పేరొస్తుంది. నీళ్ళు, షాంపూ నిందలు మోస్తాయి. గుంటగలగరాకు నూనెలు, వేల రూపాయల సీరమ్‌లు పేరు కొట్టేస్తాయి. మధ్యలో భయపడ్డ మనిషి పర్సు ఖాళీ అవుతుంది.

మన రాష్ట్రంలో ఇది ఎంతమంది అనుభవమో తలుచుకుంటే కడుపు తరుక్కుపోతుంది. 2015-16లో జరిగిన జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం 15 నుంచి 49 ఏళ్ళ ఆడవాళ్ళలో గర్భసంచి తీయించుకున్నవాళ్ళు దేశం మొత్తమ్మీద నూటికి సుమారు ముగ్గురు, ఆంధ్రప్రదేశ్‌లో సుమారు తొమ్మిది మంది. దేశంలోకెల్లా ఇక్కడే ఎక్కువ. తీయనవసరం లేనివి వాటిలో ఎన్నో, అది వేరే పెద్ద బాధ. కానీ ఆ గురువారం మార్కెట్‌లో నన్ను రాసుకుంటూ పోయిన ఆడవాళ్ళలో ఎంతమంది మూడో నెలలో దువ్వెన చూసి భయపడి ఉంటారు? "నీరసం వల్ల" అనుకుని ఊరుకుని ఉంటారు. రక్తం ఎంతుందో ఎవరూ చూసి ఉండరు. కాన్పు తర్వాత ఊడే జుట్టుకి మనవాళ్ళ దగ్గర ఒక మాట ఉంది, చంటిపిల్ల మొహం గుర్తుపట్టడంతో ముడిపెట్టి నెల లెక్కతో సహా చెప్పే మాట. కోత తర్వాత ఊడే జుట్టుకి అలాంటిదేమీ లేదు. పూలామె ఆ లెక్కని ఇటు తెచ్చి కలిపింది కాబట్టి నాకు దొరికింది.

తిరుగు ప్రయాణానికి ముందు నేనే అమ్మని సింహాచలం తీసుకెళ్ళాను. తర్వాత ఇద్దామని ఆమె దారి పొడుగునా అంటూనే ఉంది. కేశఖండన శాలలో కూర్చుని, కొసలు తీయమన్నాను. అక్కడాయన నా జడ విప్పి, ఒక్క క్షణం అమ్మ వైపు చూసి, కొంచెం కొంచెమే మూడుసార్లు కత్తిరించాడు. నెలరోజుల్లో మొదటిసారి నా జుట్టు నేను ఇస్తే పోయింది. అమ్మ కళ్ళు తుడుచుకుంది.

అక్టోబరుకి ఊడటం తగ్గింది. డిసెంబర్‌లో నుదుటి పైన పొట్టి వెంట్రుకలు నిక్కబొడుచుకుని లేచాయి. నెలకి సెంటీమీటరు చొప్పున పెరుగుతాయి. అమ్మ ఫోన్‌లో కెమెరాని పాపిట దగ్గరికి పెట్టించి రోజూ చూసేది. జడ మందం ఇంకా పూర్తిగా రాలేదు. నడుం దాకా రావాలంటే ఏళ్ళు పడుతుంది, తెలుసు. సంక్రాంతికి అమ్మ మార్కెట్ నుంచే వీడియో కాల్ చేసి ఫోన్ పూలామె చేతికిచ్చింది. ఆమె నన్ను తల అటూ ఇటూ తిప్పించి చూసి, మళ్ళీ వచ్చేసరికి మూర పడుతుందంది.

మా పిన్ని కూతురికి ఈ నెల పన్నెండున విశాఖలో ఇదే ఆపరేషన్. అంతకుముందే ఫెరిటిన్ పరీక్ష చేయించమని పట్టుబట్టాను, తక్కువుందని తేలి మాత్రలు మొదలుపెట్టింది. జుట్టు సంగతి చెప్పాను, విన్నది. కానీ ఆపరేషన్ భయంలో ఉన్న మనిషికి ఇప్పుడు చెప్పింది అప్పటికి గుర్తుండదు. వంటింట్లో కేలెండర్‌లో మూడో నెల పడే జూన్ రెండో వారం కింద పెన్సిల్‌తో గీత గీసి ఆమె పేరు రాసుకున్నాను. ఆ వారం నేనే ఫోన్ చేస్తాను.