చప్పుడు చెప్పిన సంగతి

ఊరందరికీ శకునం చెప్పే బల్లి తాను పోయి కుడితి తొట్టెలో పడిందని సామెత. ఆ సామెత మా ఇంట అక్షరాలా నిజమైంది. ఈ నాలుగు మాటలు రాస్తున్నది మేమిద్దరం, భార్యాభర్తలం. మాలో ఒకరు యంత్రాల నిర్వహణ విభాగంలో ముప్పై ఏళ్లకు పైగా పనిచేసి ప్రస్తుతం విశ్రాంతి తీసుకుంటున్నవారు. రెండవవారు ఆ ముప్పై ఏళ్లూ షిఫ్టు వేళలకు తగ్గట్టు ఇంటిని నడుపుకొచ్చినవారు. కర్మాగారంలో కన్వేయరు రోలరు ఒక్కటి కిర్రుమంటే చాలు, బేరింగు అరిగిందా, బోల్టు వదులైందా అని తెల్లవారేదాకా వెతికించే మనిషి, సొంత కారు నెలల తరబడి మొరపెట్టుకుంటున్నా చెవిని పెట్టలేదు. ఆ కథను దాచుకోవడం కన్నా మన పత్రిక పాఠకులతో పంచుకోవడమే మేలని మాకు తోచింది.

2004లో ఉద్యోగ విరమణ చేసి స్వగ్రామానికి వెళ్లిపోతున్న ఒక సహోద్యోగి దగ్గర 1998 నాటి మారుతి 800 కారు కొన్నాము. విశాఖపట్నంలో, టౌన్‌షిప్ క్వార్టరు ముందు నిలిచిన ఆ చిన్న కారును చూసుకుని అప్పట్లో మేము పొందిన సంతోషం ఇంతా అంతా కాదు. రెండేళ్లు ఏ చిక్కూ లేకుండా నడిచింది. 2006 వర్షాకాలంలో, గాజువాక నుంచి వచ్చే దారి గుంతలు పడిన రోజుల్లో, ముందు భాగం నుంచి టకటకమని ఒక చప్పుడు మొదలైంది.

దానిని మొదట విన్నది మాలో ఇల్లాలు. విని ఊరుకోలేదు, గమనించింది కూడా. “బ్రేకు వేసినప్పుడు రావడం లేదండీ. నున్నటి రోడ్డు మీద రావడం లేదు. గతుకుల్లో నెమ్మదిగా వెళ్తున్నప్పుడే, ఇదిగో నా కాళ్ల దగ్గర, ఎడమవైపు వస్తోంది” అని చెప్పింది. ఇంత వివరంగా రాసిన ఫిర్యాదు కర్మాగారం లాగ్‌బుక్‌లో దొరికితే ఏ ఇంజనీరైనా సంతోషిస్తాడు. ఇంట్లో దొరికింది కనుక “డిక్కీలో జాకీ కదులుతోంది, శల్యసారథ్యం కట్టిపెట్టు” అన్న సమాధానం వచ్చింది. సారథ్యం చేస్తున్నది ఒకరైతే శల్యుడి బిరుదు మరొకరికి దక్కింది.

జాకీకి గుడ్డ చుట్టినా చప్పుడు ఆగలేదు. పట్టణంలోని ఒక మెకానిక్కుకు చూపిస్తే షాక్ అబ్జార్బర్ల పై రబ్బర్లు మార్చాడు. వారం రోజులకు చప్పుడు మళ్లీ వచ్చింది. ముందు టైరు ఒక అంచున అరుగుతోందని వీల్ అలైన్‌మెంట్ చేయించాము. నెల తిరగకుండానే అది తప్పింది. మూడవసారి వెళ్లినప్పుడు అతను కారు కింద దూరి స్టీరింగు పెట్టెలో ఏదో స్క్రూను బిగించి వచ్చాడు. చప్పుడు దాదాపు ఆగిపోయింది. మాలో ఇంజనీరుగారు విజయగర్వంతో ఇంటికి వచ్చారు.

అప్పటికి మా అమ్మాయికి పంతొమ్మిదేళ్లు. కొత్తగా లైసెన్సు వచ్చింది. “నాన్నా, మలుపు తిరిగాక స్టీరింగు తనంతట తాను వెనక్కి రావడం లేదేమిటి?” అని రెండు మూడుసార్లు అడిగింది. “నీ చేతికి ఇంకా పట్టు చిక్కలేదమ్మా, అలవాటు పడాలి” అన్నది ఆమెకు దొరికిన జవాబు. పిల్ల నమ్మింది. తనకు చేతకావడం లేదనే అనుకుంది.

ఆ డిసెంబరులో అరకు ప్రయాణం పెట్టుకున్నాము. మాలో ఒకరికి తల్లి, మరొకరికి అత్త అయిన పెద్దావిడకు బొర్రా గుహలు చూడాలని కోరిక. శృంగవరపుకోట దాకా అమ్మాయి నడిపింది. ఘాట్ రోడ్డు రాగానే తండ్రి స్టీరింగు అందుకున్నారు. కొన్ని మలుపులు సాఫీగానే సాగాయి. కుడివైపుకు తిరిగే ఒక మలుపు చివర, ఎప్పటిలాగే చేతులు కొంచెం వదులు చేశారు. తిరిగి సూటిగా రావలసిన స్టీరింగు రాలేదు. కారు కుడివైపుకే పోతోంది. ఎదురుగా బస్సు దిగుతోంది. బలంగా ఎడమకు లాగితే మొదట మొరాయించి, ఆపైన ఒక్కసారిగా తిరిగింది. బస్సు డ్రైవరు బ్రేకు వేసి పక్కకు తీసుకోబట్టి అద్దం కూడా తగలకుండా బయటపడ్డాము. అది ఆయన చలవే. ఆయన పేరైనా మాకు తెలియదు.

రోడ్డు వెడల్పుగా ఉన్నచోట కారు ఆపాము. కొంతసేపు ఎవరి నోటా మాట లేదు. చివరికి పెద్దావిడే “గుహలు ఎక్కడికీ పోవు నాయనా, ఇంటికి పోదాం పద” అంది. రెండవ గేరులో, నడక వేగంతో కొండ దిగాము. శృంగవరపుకోటలో టీ తాగుతున్నప్పుడు తండ్రి కూతురితో “ఇన్నాళ్లూ నీకు చేతకావడం లేదన్నాను. తప్పు నీ చేతిలో లేదమ్మా, నా చెవిలో ఉంది” అన్నారు. ముప్పై ఏళ్ల కాపురంలో మేము విన్న పశ్చాత్తాపాల్లో అది మొదటిది కాకపోయినా, అన్నింటికన్నా నిజమైనది.

మరుసటి ఆదివారం మా విభాగం నుంచి విశ్రాంతి తీసుకున్న ఒక ఫిట్టరు మేస్త్రిగారిని ఇంటికి పిలిచాము. ఆయన చేసిన మొదటి పని మమ్మల్ని ఆశ్చర్యపరచింది. బిగించి ఉన్న ఆ స్క్రూను వదులు చేశారు. కారును వీధి చివరిదాకా నడిపిస్తే పాత చప్పుడు తిరిగి వచ్చింది. “ఇప్పుడు రోగం మాట్లాడుతోంది సార్. ఇంతకుముందు దాని నోరు నొక్కారు” అన్నారు.

ఆయన వివరించినదంతా ఇంటిల్లిపాదికీ అర్థమయింది కనుక ఇక్కడ పొందుపరుస్తున్నాము. స్టీరింగు చక్రం తిప్పితే దాని కాడ చివర ఉన్న పినియన్ అనే చిన్న పళ్లచక్రం తిరుగుతుంది. అది రాక్ అనే పళ్ల కడ్డీని కుడి ఎడమలకు జరుపుతుంది. ఆ కడ్డీకి ఇరువైపులా ఉన్న టై రాడ్లు ముందు చక్రాలను తిప్పుతాయి. ఇందులో బుష్షులు రెండు రకాలు. మొదటిది రాక్ గొట్టాన్ని కారు శరీరానికి బిగించే పట్టీల కింద ఉండే రబ్బరు బుష్షు. అది అరిగితే మనం చక్రం తిప్పినప్పుడు ముందు గొట్టమే జరిగి, ఆ తరువాత గాని టైర్లు తిరగవు. రెండవది గొట్టం లోపల, పినియన్‌కు దూరంగా ఉన్న చివర కడ్డీని మోసే ప్లాస్టిక్ బుష్షు. మన కార్లలో డ్రైవరు కుడివైపు కూర్చుంటాడు కనుక మా కారులో పినియన్ కుడివైపు, ఈ బుష్షు ఎడమవైపు ఉన్నాయి. అది అరిగితే గతుకుల్లో కడ్డీ ఎగిరి గొట్టానికి కొట్టుకుంటుంది. ‘నా కాళ్ల దగ్గర, ఎడమవైపు’ అన్న మాట ఎంత కచ్చితమైనదో అప్పుడు తెలిసింది.

మరి ఆ స్క్రూ సంగతి? పళ్ల కడ్డీని పినియన్‌కు ఆనించి ఉంచే దిమ్మను అది నొక్కుతుంది. దానికి తయారీదారు చెప్పిన లెక్క ఒకటుంటుంది. లెక్క మీరి బిగిస్తే కడ్డీ ఇరుక్కుని చప్పుడు తగ్గుతుంది గాని, చక్రం తనంతట తాను సూటిగా రాదు. ఘాట్ రోడ్డు మీద మాకు ఎదురైనది అదే.

పరీక్షలు మూడు జరిగాయి. కారు నేల మీద ఉండగా అమ్మాయిని లోపల కూర్చోబెట్టి స్టీరింగును కుడి ఎడమలకు కొద్దికొద్దిగా కదపమన్నారు. టార్చి వేసి చూస్తే రాక్ గొట్టం పట్టీల కింద స్పష్టంగా జరుగుతోంది. తరువాత కారును జాకీతో లేపి, స్టాండ్ల మీద నిలిపి, టైరును పైనా కిందా పట్టుకుని ఊపారు. వదులు లేదు. అంటే చక్రం బేరింగు, బాల్ జాయింటు బాగున్నాయి. పక్కలు పట్టుకుని ఊపితే మాత్రం కదిలింది. టై రాడ్ చివరి కీలు మీద వేలు ఉంచి చూస్తే అక్కడా దెబ్బ లేదు. చివరికి ఎడమవైపు రబ్బరు తొడుగును వెనక్కి మడిచి కడ్డీని పైకీ కిందకీ ఊపారు. టక్కుమంది.

“అమ్మా, ఒకసారి చెయ్యి పెట్టి చూడండి. మీరు విన్నది ఇదేనా?” అని మేస్త్రిగారు అడిగారు.

“ఇదే” అంది ఇల్లాలు. ఆరు నెలల తరువాత ఆమె ఫిర్యాదు నమోదయింది.

విప్పే పనికి ఒక పూట పట్టింది. స్టీరింగును సూటిగా నిలిపి, కాడ పినియన్‌తో కలిసేచోట రెండింటి మీదా సుద్దతో గీత పెట్టారు. మళ్లీ కలిపేటప్పుడు ఒక్క పన్ను తప్పినా స్టీరింగు వంకరగా నిలుస్తుందట. టై రాడ్ చివరలు విప్పేముందు మర ఎన్ని చుట్లు ఉందో లెక్కపెట్టి కాగితం మీద రాయించారు. ఆ లెక్కల గుమాస్తా పని మా అమ్మాయిది. రాక్ బయటకు వచ్చాక చూస్తే పట్టీల కింది రబ్బరు మామిడి ఒరుగులా గట్టిపడి పగుళ్లు బారింది. లోపలి బుష్షు రంధ్రం గుండ్రని రూపం పోగొట్టుకుని కోడిగుడ్డు ఆకారానికి వచ్చింది.

“ఇది ఎందుకు అరిగిందో చూడకుండా కొత్తది వేస్తే మళ్లీ ఏడాదికి నన్నే పిలుస్తారు” అంటూ మేస్త్రిగారు ఎడమ తొడుగును వెలుగులోకి పట్టి సాగదీశారు. మడతలో సన్నని చిరుగు. అందులోంచి నీరూ దుమ్మూ చేరి, లోపలి గ్రీజు కందెనగా ఉండవలసింది నూరుడు ముద్దగా మారింది. కాపాడవలసినదే కోసేసింది. అందుకే బుష్షులతో పాటు తొడుగు కూడా కొత్తది వేశాము. పట్టీల కింద రబ్బరు సులువుగా ఎక్కడానికి సబ్బునీళ్లు రాశారు. మామూలు నూనె, గ్రీజు అక్కడి రబ్బరును ఉబ్బించి పాడుచేస్తాయట. లోపలి బుష్షుకు మాత్రం తాజా గ్రీజు పట్టించారు. పాత స్ప్లిట్ పిన్నులను పారవేసి కొత్తవి వేశారు. స్క్రూను లెక్క ప్రకారం నిలిపారు. ఆ సాయంత్రమే వీల్ అలైన్‌మెంట్ చేయించాము. ఈసారి అది నిలిచింది.

బుష్షులకూ తొడుగుకూ కలిపి అయిన ఖర్చు, అంతకుముందు అనవసరంగా మార్పించిన సామానులో సగం కూడా లేదు. డబ్బు మాట అటుంచితే, మొదటి రోజే ఆ చప్పుడు ఎక్కడిదని అడిగి ఉంటే ఆ మలుపు మా జీవితంలో వచ్చేదే కాదు.

మా పెద్దవాళ్ల రోజుల్లో ఎడ్లబండి కిర్రుమంటే ఇరుసుకు కందెన పెట్టనిదే బండి కదిలేది కాదు. ఆముదంలో గడ్డి మసి కలిపి చేసుకున్న ఆ కందెన గొట్టం బండి కిందే వేలాడుతుండేది. వారికి ఏ చదువూ లేకపోయినా, చప్పుడు అంటే బండి చెప్పే మాట అని తెలుసు. మనం చదువుకున్నవాళ్లం కనుక ఆ మాటను ఆపే స్క్రూ ఎక్కడుందో వెతికాము.

2007 సంక్రాంతి సెలవుల్లో మళ్లీ అరకు వెళ్లాము. ఈసారి ఘాట్ రోడ్డులో కూడా కొంత దూరం అమ్మాయే నడిపింది. ప్రతి మలుపు చివరా స్టీరింగు ఆమె చేతుల్లోంచి మెత్తగా సూటిగా వచ్చింది. పెద్దావిడ బొర్రా గుహలు చూసి, లోపలి శివలింగానికి దండం పెట్టుకుని, ఆ తరువాత ఏడాదిన్నరకు కాలం చేసింది. ఆ కోరిక తీర్చగలిగామన్న తృప్తి మాకు మిగిలింది.

ఆ మారుతి 800 మా ఇంటి నుంచి వెళ్లిపోయింది. 2014 జనవరిలో ఆ మోడల్ తయారీ కూడా ఆగిపోయింది. నేటి కార్లలో స్టీరింగుకు విద్యుత్ మోటారు సాయపడుతోంది. అయినా లోపల రాకూ పినియనూ అలాగే ఉన్నాయి, రబ్బరు తొడుగు చిరిగితే దుమ్ము చేరడమూ అలాగే ఉంది. పాఠక మిత్రులు ఈ పని స్వయంగా చేయాలని మేము చెప్పడం లేదు. జాకీ ఒక్కదాన్నే నమ్మి కారు కింద దూరవద్దు. అలైన్‌మెంట్ తరచూ తప్పుతున్నా, గతుకుల్లో టకటకలాడుతున్నా, స్టీరింగు తిప్పిన తరువాత గాని టైర్లు కదలకపోయినా తెలిసిన మెకానిక్కు చేత రాక్ బుష్షులు చూపించుకోండి. విప్పిన పాత బుష్షును అడిగి చేతిలోకి తీసుకుని చూడండి.

అంతకన్నా ముందు, పక్క సీటులో కూర్చున్నవారు “ఏదో చప్పుడు వస్తోంది” అంటే, ఎక్కడ, ఎప్పుడు అని ఇంకో రెండు ప్రశ్నలు వేయండి. కోడిగుడ్డు ఆకారానికి వచ్చిన ఆ బుష్షు ఇప్పటికీ మా అద్దాల బీరువాలో, పదవీ విరమణ నాడు ఇచ్చిన జ్ఞాపిక పక్కనే ఉంది. దాన్ని అక్కడ పెట్టింది ఎవరో వేరే చెప్పనక్కరలేదు.