అమ్మకు చెప్పలేని దిగులు

మా అక్క కూతురు నర్సింగు రెండవ సంవత్సరం చదువుతూ సెలవులకు ఇంటికి వచ్చి, మరల వెళ్ళలేదు. జ్వరం లేదు, దెబ్బ లేదు. పగలంతా ముసుగు తన్ని పడుకొనేది, రాత్రంతా మేలుకొని ఉండేది. “దీనికేం లోటు చేశాం?” అని అక్క. “పొలానికి తీసుకెళ్ళు, అదే సర్దుకుంటుంది” అని బావ. సంఘంలో ఒక పెద్దావిడ విశ్వాసం తక్కువైందన్నారు. పిల్ల ఎవరికీ జవాబు చెప్పేది కాదు.

ఒకనాడు నా దగ్గరకు వచ్చి, “పిన్నీ, ఇది విను” అని సెల్‌ఫోనులో ఒక అమ్మాయిని చూపించింది. ఆమె సబ్రీనా బెనాయిమ్, కెనడాలోని టొరంటో వాసి. 2014లో అమెరికాలో జరిగిన జాతీయ కవితా పోటీలో చెప్పిన కవిత అది. ఆ పోటీలో కవితను వేదికనెక్కి, మూడు నిమిషాలలో నోటితో చెప్పవలసి ఉండేది. శ్రోతలలో నుండి ఏరిన ఐదుగురు మార్కులు వేసేవారు. రాగం, తాళం లేని బుర్రకథ అనుకోండి!

తన మనోవ్యాధిని తల్లికి వివరించడమే ఆ కవిత. తల్లి చెడ్డది కాదు. నలుగురిలోకి వెళ్ళమనీ, సంతోషంగా ఉండాలని నిశ్చయించుకోమనీ ప్రేమతోనే చెబుతుంది. కూతురు ఒక్కొక్క మాటకు జవాబు చెబుతూ పోతుంది. చివరకు తేలేదేమంటే, ఆ వ్యాధి తల్లికే కాదు, కూతురికీ అంతుపట్టలేదు.

నాకు ఇంగ్లీషు కొంచెమే వచ్చు. పిల్ల ఆపి ఆపి తెలుగులో చెప్పింది. మూడు నెలలలో అది అన్ని మాటలు మాట్లాడడం అదే మొదలు. “ఇందులో అమ్మ అచ్చం మా అమ్మే పిన్నీ” అంది. “నీకు చచ్చిపోవాలనిపిస్తుందా అమ్మా?” అని అడిగాను. అలా అడిగితే లేని ఆలోచన పుడుతుందని భయపడతాం గానీ, అది నిజం కాదని వైద్యులు చెబుతారు. కొంతసేపటికి, “అప్పుడప్పుడు” అంది.

ఆ రాత్రి దానిని ఒంటరిగా పడుకోనియ్యలేదు. చేలకు కొట్టే పురుగుమందు డబ్బాలన్నీ పొరుగింట పెట్టి తాళం వేయించాను. మన పల్లె ఇళ్ళలో మొదట చేయవలసిన పని ఇదే. తెల్లవారి 14416కు ఫోను చేశాము. 2022 అక్టోబరులో కేంద్ర ప్రభుత్వం మొదలుపెట్టిన టెలిమానస్ అది. పైసా ఖర్చు లేదు, తెలుగులోనే మాట్లాడతారు. పెద్దాసుపత్రిలో మానసిక వైద్యునికి చూపించమన్నారు.

పెళ్ళి సంబంధాలు చెడతాయని అక్క బస్సులో ఏడుస్తూనే వచ్చింది. మందు గుణం కనబడడానికి కొన్ని వారాలు పడుతుందనీ, మధ్యలో మానవద్దనీ డాక్టరుగారు చెప్పారు. పదవ రోజునే అక్క మాత్రలు ఆపబోయింది. ప్రార్థన చాలు కదా అని ఆమె వాదన. ప్రార్థన మానమని నేననలేదు. చక్కెర వ్యాధికి మాత్రలు వేసుకుంటూనే ప్రార్థిస్తాం గదా! క్యాలెండరులో వారాలు గుర్తుపెట్టి గోడకు తగిలించాను.

ఐదవ వారంలో ఒక ఉదయం పిల్ల తనంతట తానే దువ్వెన తెచ్చి, జడ వేయమని అక్క ముందు కూర్చుంది.

“ఇంగ్లీషు నాకెందుకే” అంటూ అక్క ఆ కవిత ఇప్పటికీ వినలేదు. పిల్ల మాత్రం నోటుబుక్కులో తెలుగులో ఏదో వ్రాస్తోంది. ఇంకా ఎవరికీ చూపించలేదు.