మూడు పేర్ల కీరవాణి

హోసూరు తెలుగువాళ్లకు సంగీత దర్శకుడు కీరవాణి ఒక్క పేరుతో పరిచయమైన మనిషి కాదు. 1991లో బాలచందర్ ‘అళగన్’తో తమిళంలో ఆయన మరగతమణి. అదే ఏడాది మన ‘క్షణక్షణం’లో కీరవాణి. ‘క్రిమినల్’, ‘జిస్మ్’ లాంటి హిందీ సినిమాల్లో ఎం.ఎం. క్రీమ్. ఇంట్లో తెలుగు, బజార్లో తమిళం, నలభై కిలోమీటర్లు పోతే బెంగళూరు కన్నడం. అలాంటి ఊళ్లో ఇది వింతేమీ కాదు.

1961లో కొవ్వూరులో పుట్టి, చక్రవర్తి దగ్గర సహాయకుడిగా పని నేర్చుకున్నారు. 1990లో ‘మనసు మమత’ వచ్చింది. ఏడేళ్లకే ‘అన్నమయ్య’, దానికి జాతీయ అవార్డు.

ఆయన పాట ‘నాటు నాటు’ ఒక్కసారి చెవి పెట్టి వినండి. జాతర్లో కాళ్లను ఊరికే ఉండనివ్వని 6/8 నడక అది. మాటలు చంద్రబోస్‌వి, గొంతులు రాహుల్ సిప్లిగంజ్, కాలభైరవలవి. చిత్రీకరించింది కీవ్‌లో, ఉక్రెయిన్ అధ్యక్షుడి సౌధం ముందు. 2023 మార్చిలో ఆ పాటకు ఆస్కార్ అందుకున్నాక కీరవాణి పెద్ద ఉపన్యాసం ఇవ్వలేదు. చిన్నప్పటి నుంచీ విన్న కార్పెంటర్స్ బాణీలో తన మనసులో మాట పాడేశారు. అంతమంది ముందు అంత సహజంగా ఉండటం మామూలు విషయం కాదు!

సినిమాలు అలా ఉంచి టీవీ మాటకొస్తే, కీరవాణి తమ్ముడు కళ్యాణి మాలిక్‌ను తలుచుకోవాల్సిందే. 2001లో జెమినీలో మొదలైన ‘అమృతం’ టైటిల్ పాటకు బాణీ ఆయనది, సాహిత్యం సిరివెన్నెలది. కృష్ణగిరి వైపు తెలుగిళ్లలో ఆ పాట వినబడితే వంటింట్లో ఉన్నవాళ్లు కూడా చేతులు తుడుచుకుంటూ టీవీ ముందుకు వచ్చేసేవాళ్లు.